రాజమహేంద్రవరపు న్యాయమూర్తి – మద్యపు లైసెన్సు

బడికి నూరు మీటర్ల లోపల మద్యపు దుకాణము ఉండరాదని ఆంధ్రప్రదేశపు ఆబ్కారీ నిబంధన. ఆ నూరు మీటర్లను అధికారి కొలిచి సరిపోయినదన్నాడు, బడిపంతులుగారు సరిపోలేదన్నారు. అపుడు ఉన్నత న్యాయస్థానము టేపు పట్టుకొని వచ్చునా?

రాదు. అస్సాములోని దేశీయ సారా దుకాణముల తగవులో, నాగేంద్రనాథ బోరా కేసున, 1958లో సుప్రీంకోర్టు ఈ సంగతినే తేల్చినది. లైసెన్సు ఎవరికి తగునో నిర్ణయించుట అధికారి పని. అతడు తన అధికారపరిధిని మీరెనా, చట్టమును తప్పెనా, ఆ తప్పు దస్త్రము ముఖముననే కనబడుచున్నదా అన్నంతవరకే న్యాయస్థానము చూచును. నిజానిజముల తూకము మరల వేయదు. గౌహతి ఉన్నత న్యాయస్థానము ఆ గీత దాటినదని దాని తీర్పును కొట్టివేసినారు.

ఆ ఏడే సుప్రీంకోర్టున అడుగిడిన కోకా సుబ్బారావుగారు మన గోదావరి బిడ్డ. 1902లో రాజమహేంద్రవరమున పుట్టినారు. 1954లో గుంటూరున నెలకొన్న ఆంధ్ర హైకోర్టుకు తొలి ప్రధాన న్యాయమూర్తి. కృష్ణాజిల్లా బస్సుల జాతీయకరణ తగవులో, 1958 చివర, వాదము విన్నది కార్యదర్శి, నిర్ణయించినది మంత్రి. ఒకరు విని మరియొకరు తీర్పు చెప్పుట వినుట కాదని ఆయన ఆ ఉత్తరువును రద్దుచేసినారు. పెద్దమనుషుల పంచాయతీ ఎరిగిన పల్లెవానికి దీనిని బోధింపనక్కరలేదు గదా!

మద్యము దగ్గర మాత్రము ఆయన మాట చాలమందికి రుచించలేదు. 1967లో కృష్ణకుమార్ నరూలా కేసున, మద్యము అమ్ముట కూడ వ్యాపారమే, నీతి అవినీతులు ఆంక్షలకు కారణములు కావచ్చును గాని దానిని వ్యాపారము కాకుండ చేయజాలవు అన్నారు. తరువాతి న్యాయమూర్తులు ఈ దారిన నడవలేదు. 1975లో హరిశంకర్ కేసున, 1994లో ఖోడే కేసున, మద్య విక్రయము ప్రాథమిక హక్కు కాదని స్థిరపరచినారు. అయితే ప్రభుత్వము తానై లైసెన్సులు పంచబూనినపుడు అర్హులందరిని సమముగా చూడవలెననిరి. హక్కు లేకపోయినను అన్యాయమునకు అనుమతి లేదన్నమాట. సుబ్బారావుగారి కోరికలో సగము ఇచ్చట దక్కినట్లే.

2024 అక్టోబరు 14న రాష్ట్రమున 3,396 దుకాణములకు చీటీలు తీసినారు. దరఖాస్తులు 89,882, ఒక్కొక్కదానికి తిరిగిరాని రుసుము రెండు లక్షలు. చీటీ తీయుటలో అధికారి బుద్ధికి పని లేదు గనుక, అతని బుద్ధిని పరీక్షించు పని న్యాయస్థానమునకును తగ్గినది. మిగిలినవి రెండే తావులు. ఒకటి అర్హత: గీత కులములకు ప్రత్యేకించిన పదియవ వంతు దుకాణములలో, తరతరములు తాడిచెట్టు నెక్కిన డెల్టా కుటుంబమువాని దరఖాస్తును కారణము చెప్పక త్రోసివేసినచో అది దస్త్రము ముఖముననే కనబడు దోషము. రెండవది ఆ నూరు మీటర్లు.

కనుక పంతులుగారు చేయవలసిన పని రిట్టుకు ముందే ఉన్నది. దుకాణము తెరువకమునుపే బడి గేటునుండి దూరము కొలిచి, పటము గీసి, ఆక్షేపణను ఆబ్కారీ అధికారికి వ్రాతపూర్వకముగా ఇచ్చి, ముట్టినట్లు రశీదు పుచ్చుకొనవలెను. ఆ కాగితమునకు అధికారి ఏమి జవాబు వ్రాసెనో, అసలు వ్రాసెనో లేదో, న్యాయమూర్తి మొదట అడుగునది అదే.