జనరల్ గోలెస్కు - ఒక విముక్తి చీటీ కథ

రుమేనియా అనగానే మనలో చాలామందికి జిమ్నాస్టిక్స్ క్రీడాకారిణి నాదియా కొమనెచి గుర్తొస్తుంది. ఆ దేశ చరిత్రలో మనం తప్పక తెలుసుకోవలసిన మరో వ్యక్తి జనరల్ నికొలాయే గోలెస్కు (1810-1877). సైనికాధికారిగా మొదలై రెండుసార్లు ప్రధానమంత్రి అయిన ఆయన జీవితం, ఒక హక్కు కాగితం మీదికి రావడానికీ మనిషి చేతికి అందడానికీ మధ్య ఎంత దూరముందో చెబుతుంది.

బానిసత్వం అంటే మనకు అమెరికాయే తోస్తుంది. కాని నేటి రుమేనియాలో భాగమైన వలాకియా, మోల్డావియా రాజ్యాల్లో సుమారు 5 శతాబ్దాలపాటు రోమా ప్రజలు బానిసలుగా బతికారు. రాజు, మఠాలు, భూస్వాములు వారికి యజమానులు. ఈ రోమాల పూర్వీకులు మన దేశం నుంచి వెళ్ళినవారే. వారి భాషలో రెండును 'దుయ్' అంటారు. ఇక రైతులు బానిసలు కాకపోయినా భూస్వామి పొలంలో వెట్టిచాకిరీ చేయవలసిందే.

నికొలాయే పుట్టింది భూస్వాముల ఇంట్లోనే. తండ్రి దినికు గోలెస్కు ఐరోపా అంతా తిరిగి, తమ రైతులు పడుతున్న బాధలను 1826లో యాత్రాగ్రంథంగా అచ్చువేయించాడు. అదే ఏడాది తమ ఊరు గోలెష్టిలో అందరికీ ఒక బడి తెరిచాడు. భూస్వాముల పిల్లలతోపాటు బానిసల పిల్లలకూ అందులో ప్రవేశం ఉండేది. కొడుకులను స్విట్జర్లాండ్‌లో చదివించాడు. చదువు ముగించుకుని వచ్చిన నికొలాయే సైన్యంలో చేరాడు.

1848 జూన్‌లో వలాకియాలో విప్లవం వచ్చింది. ఇజ్లాజ్ అనే ఊరిలో 22 అంశాల ప్రకటన చదివారు. వెట్టి రద్దు, రైతుకు భూమి, బానిసలకు విముక్తి, ఆడపిల్లలకూ మగపిల్లలకూ సమానంగా చదువు అందులో ఉన్నాయి. కొత్త ప్రభుత్వంలో గోలెస్కు హోంమంత్రి అయ్యాడు. ఆగస్టులో అధికారం ముగ్గురు సభ్యుల మండలి చేతికి వచ్చినప్పుడు ఆ ముగ్గురిలో ఆయన ఒకడు.

ఆ ప్రభుత్వం బానిసల విడుదలకు ఒక కమిషన్ వేసింది. విడుదలైన వారికి విముక్తి చీటీలు ఇచ్చారు. భూమి సమస్యకు మరో కమిషన్ వేసి, జిల్లాకు ఒక రైతును, ఒక భూస్వామిని ఎదురెదురుగా కూర్చోబెట్టారు. రైతులు గట్టిగా మాట్లాడేసరికి భూస్వాములు బెదిరిపోయారు. ప్రభుత్వం ఆ కమిషన్‌నే రద్దు చేసింది. భూమి విషయంలో విప్లవం అక్కడే ఆగిపోయింది.

సెప్టెంబరులో తురుష్క సైన్యం బుఖారెస్ట్‌ను ఆక్రమించింది. నగర అగ్నిమాపక దళంవారు ఎదురు తిరిగి వీరోచితంగా పోరాడినా ఫలితం లేకపోయింది. గోలెస్కు వంటి నాయకులు ప్రవాసం వెళ్ళారు. మరి చీటీ అందుకున్న బానిసలు ఎక్కడికి వెళ్ళాలి? వారిని మళ్ళీ యజమానులకే అప్పగించారు. ఒకే ఓటమికి నాయకుడికి పడిన శిక్ష వేరు, బానిసకు పడిన శిక్ష వేరు.

భూస్వాముల చేతిలోని బానిసలకు వలాకియాలో చట్టబద్ధమైన విముక్తి 1856లో వచ్చింది. ఆ చట్టం పరిహారం ఇచ్చింది యజమానులకు. విముక్తులకు భూమి ఇవ్వలేదు.

1857లో గోలెస్కు స్వదేశం చేరాడు. 1859లో రెండు రాజ్యాలూ అలెగ్జాండ్రు కుజా పాలనలో ఒక్కటయ్యాయి. 1860లో గోలెస్కు కొద్దివారాలు వలాకియా ప్రధాని. 1864లో కుజా చట్టసభను రద్దు చేసి అధికారమంతా తన చేతిలోకి తీసుకున్నాడు. ఆ ఏడాదే వెట్టిని రద్దుచేసి, 4 లక్షలకు పైగా రైతు కుటుంబాలకు వాయిదాల మీద భూమి ఇచ్చాడు. 1866 ఫిబ్రవరిలో భూస్వామ్య పక్షం, ఉదారవాదులు కలిసి అతణ్ణి దించేశారు. అప్పుడు పాలించిన ముగ్గురిలోనూ జనరల్ గోలెస్కు ఉన్నాడు. జర్మనీ నుంచి కరోల్ యువరాజు రాగానే వారు అధికారం అప్పగించి తప్పుకున్నారు. 1868లో, తన అన్నదమ్ముల్లో ఒకరైన స్టెఫాన్ ప్రధాని పదవి నుంచి దిగాక, ఆయన కొన్ని నెలలు ప్రధానిగా ఉన్నాడు.

రెండుసార్లు పాలకమండలిలో కూర్చుని, రెండుసార్లూ గద్దెను పట్టుకు వేలాడని మనిషి ఆయన. ఆ నిజాయితీని మెచ్చుకోవాలి. అయితే ఆ మండలిలో రైతు లేడు, రోమా లేడు. విముక్తి కోరినవారు విముక్తి పొందవలసినవారు కారు. అందుకే ఆ చీటీ ఒక్క ఎండాకాలం కూడా పూర్తిగా నిలవలేదు.

మా ఇంట్లో డిగ్రీ చూసిన మొదటివాణ్ణి నేను. నా స్కాలర్‌షిప్పూ, మన మెస్‌ బియ్యమూ ముందు కాగితం మీద జీవోలుగా వచ్చినవే. ఆ కాగితాలను చదవగలిగినవాళ్ళం, అమలు కాకపోతే అడగగలిగినవాళ్ళం ఇప్పుడు మనలోనే ఉన్నాం. రోమా బానిసకు 1848లో దొరకని బలం అదే. తమ్ముళ్ళూ, జీవో వచ్చిందని వింటే సంతోషించండి. ఆ తర్వాత నోటీసుబోర్డు దగ్గరికి వెళ్ళి అందులో ఏముందో పూర్తిగా చదవండి.