కర్నల్ ఐజాక్ బారే: ఒక శరణార్థి కుమారుని సైనిక జీవితము

ఫ్రాన్సు దేశమున క్యాల్విను బోధల ననుసరించిన ప్రొటెస్టంటు క్రైస్తవులకు హ్యూగెనాట్లని పేరు. కాథలిక్కులు అత్యధికులుగా గల ఆ రాజ్యమున వీరు అల్పసంఖ్యాకులు. 1598లో నాల్గవ హెన్రీ రాజు నాంట్ శాసనము ద్వారా వీరికి పరిమితమైన ఆరాధనా స్వేచ్ఛ నొసగెను. 1685లో పదునాల్గవ లూయీ దానిని రద్దు చేసెను. ప్రార్థనా మందిరములు కూల్చబడినవి; దేశము విడిచిపోవుట సైతము నేరమైనది. అయినను సుమారు రెండు లక్షలమంది రహస్యముగా సరిహద్దులు దాటి హాలెండు, ఇంగ్లండు, ప్రష్యా, ఐర్లండు మున్నగు దేశములకు చేరిరి. అట్టి కుటుంబమున జన్మించి బ్రిటిషు సైన్యములో పనిచేసిన ఐజాక్ బారే చరిత్రమును ఈ వ్యాసమున సంగ్రహముగా తెలుప నెంచితిమి.

బారే 1726లో డబ్లిన్ నగరమున జన్మించెను. తండ్రి లారొషెల్ రేవుపట్టణము నుండి వచ్చి అక్కడ వర్తకము చేసికొనుచుండెను. ట్రినిటీ కళాశాలలో పట్టము పొందిన కుమారుడు న్యాయవాది కావలెనని తల్లిదండ్రుల కోరిక. అతడు మాత్రము 1746లో 32వ పదాతి దళమున చిన్న అధికారిగా చేరెను. ఆ కాలమున సైనిక పదవులు ధనమునకు కొనబడుచుండెను. ధనబలమును, పెద్దల సిఫారసును లేని బారే పదునొకండు సంవత్సరములు క్రింది పదవులలోనే ఉండిపోయెను.

1757లో బ్రిటిషువారు రోష్‌ఫోర్‌పై దండెత్తిరి. అది అతని తండ్రి విడిచివచ్చిన లారొషెల్‌కు సమీపమున గలదు. ఆ దండయాత్ర విఫలమైనను, జేమ్స్ వుల్ఫ్ అను అధికారి బారే సామర్థ్యమును గుర్తించెను. 1759 సెప్టెంబరు 13న క్విబెక్ యుద్ధమున వుల్ఫ్ మరణించెను. ఆయనకు అడ్జుటెంటు జనరల్‌గా నున్న బారే ముఖమున తుపాకిగుండు తగిలి, ఒక కన్ను పోయెను. పదోన్నతి కోరుచు మంత్రి విలియం పిట్‌కు వ్రాసికొనగా ఆయన నిరాకరించెను.

1761లో షెల్బర్న్ ప్రభువు సహాయముతో బారే కామన్స్ సభలో ప్రవేశించెను. 1763లో సైన్యమున ఉన్నత పదవియు, స్టర్లింగ్ కోట గవర్నరు పదవియు లభించినవి. కాని రాజు ప్రసంగమును విమర్శించిన పత్రికాకర్త విల్క్స్ వ్యవహారమున ప్రభుత్వమునకు వ్యతిరేకముగా ఓటు వేసినందున ఆ రెండును పోయినవి.

1765 ఫిబ్రవరి 6న అమెరికా వలసలపై స్టాంపు పన్ను విధించు విషయము చర్చకు వచ్చెను. వలసవాసులు మన సంరక్షణలో పెరిగిన బిడ్డలని టౌన్‌షెండ్ పలికెను. వెంటనే బారే లేచి, మీ సంరక్షణ కాదు, మీ పీడనయే వారిని ఆ అరణ్యములకు తరిమినదని ప్రత్యుత్తర మిచ్చెను. వారిని 'స్వాతంత్ర్య పుత్రులు' అని పేర్కొనెను. సభలో నున్న కనెక్టికట్ ప్రతినిధి ఇంగర్సాల్ ఈ ప్రసంగమును లేఖ ద్వారా తన దేశమునకు పంపెను. స్టాంపు చట్టమును ప్రతిఘటించిన సంఘములు ఆ పేరునే ధరించినవి. మరుసటి సంవత్సరమే ఆ చట్టము రద్దయ్యెను. పెన్సిల్వేనియాలోని విల్క్స్-బారే పట్టణము నేటికిని ఆ ఇరువురి పేర్లను వహించుచున్నది.

బారే దోషరహితుడని మేము చెప్పము. 1774లో బోస్టన్ రేవును మూయించు బిల్లును ఆయన బలపరచెను. తరువాతి కఠిన చట్టములను మాత్రము ఎదిరించెను. 1782లో పొందిన 3,200 పౌండ్ల వార్షిక పింఛను విమర్శలకు గురియైనది. చివరి సంవత్సరములలో రెండవ కంటిచూపును గూడ కోల్పోయి, 1802లో మరణించెను.

ఇంటినుండి తరుమబడిన వారి సంతతివాడు గనుకనే బారే ఆనాడు ఆ మాట పలుకగలిగెనని మా అభిప్రాయము. తన వారికి జరిగిన అన్యాయమును స్మరించుట అందరును చేయుదురు. ఆ స్మృతితో పరుల పక్షమున నిలుచువారు కొందరే. ప్రభుత్వ మొసగిన పదవులను ప్రభుత్వమే తీసికొనెను. సభలో పలికిన ఆ మాటను మాత్రము ఎవ్వరును తీసికొనలేకపోయిరి. విద్యార్థులు ముఖ్యముగా గ్రహింపవలసిన దిదియే.