నోకియా పాము ఎందుకు బతికింది?

1997 చివర్లో వచ్చిన నోకియా 6110లో మూడు ఆటలుండేవి: మెమరీ, లాజిక్, స్నేక్. మొదటి రెండూ ఇప్పుడు ఎంతమందికి గుర్తున్నాయో అనుమానమే. మూడోది ఆ ఫోన్ ముట్టుకోని వాళ్లకీ తెలుసు. పాత రోజుల మీది మమకారమే దీనికి కారణమనీ, వేరే ఆటల్లేక జనం దొరికిందే ఆడారనీ కొట్టిపారేసేవాళ్లున్నారు. అదే నిజమైతే పక్కనున్న మిగతా రెండు ఆటలూ అంతగా గుర్తుండాలి కదా. స్నేక్ ఆ ఫోన్ పరిమితులకు సరిగ్గా అమరిన ఆట. అది నిలవడానికి అసలు కారణం ఆ అమరికే.

ఆ తెర వెడల్పు 84 చుక్కలు, ఎత్తు 48. అంతా కలిపి 4,032. అందులోని ద్రవ స్ఫటికాలు మందకొడివి. బొమ్మ వేగంగా కదిలితే మసకబారుతుంది. పాముకి ఆ బెడద తక్కువ. ముందు ఒక గడి నింపి, తోక దగ్గర ఒక గడి చెరిపితే అడుగు పడ్డట్టే. ఒళ్లంతా పాకుతోందని కన్ను భ్రమిస్తుంది గానీ, మధ్య భాగం ఉన్నచోటే ఉంటుంది. పాము ఎంత పొడుగైనా అడుగుకు మారేది ఆ రెండు గళ్లే. మేత తిన్నప్పుడు తోక చెరిపే పని కూడా ఉండదు. అంటే యంత్రానికి పామును నడిపించడం కన్నా పెంచడమే తేలిక! పైగా కొత్త కొత్త అడ్డంకుల పటాలు దాచుకునే అవసరమూ లేదు. పెరిగిన పాము ఒళ్లే ఆటగాడికి అడ్డుగోడ. అరకొర జ్ఞాపకశక్తి ఉన్న యంత్రానికి ఇంతకన్నా పొదుపైన పథకం ఊహించడం కష్టం.

ఈ ఊహ నోకియాది కాదుగా అనొచ్చు. నిజమే. గ్రెమ్లిన్ సంస్థ 1976లోనే బ్లాకేడ్ అనే ఆర్కేడ్ ఆటలో పెరిగే గీతల్ని పరుగెత్తించింది. ఫోన్లో ఆట పెట్టడమూ కొత్త కాదు. 1994లో హాగెనుక్ ఫోన్లో టెట్రిస్ వచ్చింది. ఫిన్లాండ్‌లో స్నేక్‌ను రాసిన నోకియా ఇంజనీరు తనేలీ అర్మాంటో పనితనం ఇంకోచోట ఉంది. వేగం పెరిగితే బొటనవేలు అందుకోలేదని గ్రహించి, పాము ఢీకొనే ముందు దిశ మార్చుకోవడానికి కొన్ని మిల్లీసెకన్ల గడువిచ్చాడు. ఆడేవాడికి అది తెలియదు, తన చురుకుదనమే అనుకుంటాడు.

మమకారం అసలే లేదనను. 2017లో పాత నోకియా 3310 పేరు మీద వచ్చిన కొత్త ఫోన్‌తో పాటు రంగుల పామూ వచ్చిందంటే అదే కారణం. అయితే టచ్ ఫోన్లో ఆ ఆట వెలితిగా తోచడానికి మమకారంతో పనిలేదు. 2, 4, 6, 8 మీటలు తెర కింద ఉండేవి, వాటిని చూడకుండానే వేలు పోల్చుకునేది. గాజు మీద ఆ వేలే పాముకు అడ్డమొస్తుంది.