శనివారం చూపించబోయే సినిమా గురించి

తల్లిదండ్రులకు, తొమ్మిది, పది తరగతుల పిల్లలకు.

ఈ శనివారం చివరి పీరియడ్‌లో ‘ద టెల్-టేల్ హార్ట్’ అనే చిన్న సినిమా చూపిస్తున్నాం. సుమారు ఎనిమిది నిమిషాలు. బొమ్మల సినిమాయే గానీ నవ్వించేది కాదు. 1953లో అమెరికాలో యు.పి.ఎ. అనే కార్టూన్ సంస్థ తీసింది. బ్రిటన్ సెన్సారు వారు దీనికి పెద్దలకు మాత్రమే అనే ‘ఎక్స్’ సర్టిఫికెట్ ఇచ్చారు. ఒక కార్టూనుకు అలా ఇవ్వడం అదే మొదలు. ఈ సంగతి వేరేచోట విని మీరు కంగారు పడకూడదనే ముందుగా రాస్తున్నాను. ఇందులో రక్తపాతం లేదు. భయమంతా నీడల్లో, గొంతులో ఉంటుంది.

కథ ఎడ్గార్ అలన్ పో రాసినది, 1843 నాటిది. ఒక ముసలాయన, ఆయనతో ఒకే ఇంట్లో ఉండే మనిషి. ముసలాయన కంటికి పొర ఉంది. ఆ కన్ను చూస్తే ఇతనికి ఒళ్లు జలదరిస్తుంది. పగ లేదు, డబ్బు మీద ఆశ లేదు, కన్నే కారణం. చంపి, నేల మీది చెక్కల కింద దాచేస్తాడు. పోలీసులు వచ్చి కూర్చుని మామూలుగా కబుర్లు చెబుతుంటే, ఇతనికి మాత్రం కింద నుంచి గుండె చప్పుడు వినిపిస్తుంది. తట్టుకోలేక తనే ఒప్పేసుకుంటాడు. గుమ్మడికాయల దొంగ భుజాలు తడుముకున్నాడు, ఇతను ఏకంగా చెక్కలు పీకి చూడమన్నాడు!

ప్రయోగం ఎక్కడుందంటే, హంతకుడు మనకు సరిగా కనబడడు. జేమ్స్ మేసన్ అనే నటుడి గొంతు మాత్రం వింటాం, గదిని ఆ హంతకుడి కళ్లతోనే చూస్తాం. కాబట్టి దూరంగా కూర్చుని తీర్పు చెప్పే వీలు మనకుండదు. తనకు పిచ్చి లేదని అతను మనతోనే వాదిస్తాడు. పిల్లలూ, ఆ చప్పుడు ఎవరి గుండెదో ఆలోచించి రండి. అతనిదేనని నా అభిప్రాయం. కాదంటే వాదించండి, వింటాను.

పెద్దవాళ్లకు ఒక మాట. ఈ హంతకుడు మొదట పోలీసుల ముందు నవ్వుతూనే ఉన్నాడు. క్లాసులో పెన్ను పోయిందని అడిగితే మొహం పాలిపోయేది తీసినవాడికే కానక్కర్లేదు, తిట్లకు భయపడే పిల్లకి కూడా కావచ్చు. భుజాలు తడుముకోవడం సాక్ష్యమని మనం ఇంట్లో, బడిలో ఎన్నిసార్లు తీర్పులిచ్చేస్తున్నామో! సినిమా అయ్యాక పిల్లలతో దీని గురించే మాట్లాడతాను.

మాటలు ఇంగ్లీషులో ఉంటాయి గనక కథ ముందుగా తెలుగులో చెబుతాం. మీ పిల్లలు చూడటం ఇష్టం లేకపోతే శుక్రవారం లోపు డైరీలో రాసి పంపండి. వారిని ఆ పీరియడ్‌లో లైబ్రరీలో కూర్చోబెడతాం.

— ప్రధానోపాధ్యాయుడు