చొక్కా చాటున తుపాకీ: అమెరికాలో ఎవరికి చెల్లుతుంది, ఎక్కడ చెల్లదు

2021 సెప్టెంబరు 1న టెక్సస్‌లో హౌస్ బిల్లు 1927 అమల్లోకి వచ్చింది. అప్పటిదాకా పిస్టల్‌నో రివాల్వర్‌నో నడుముకు కట్టుకుని వీధిలో తిరగాలంటే రాష్ట్రం ఇచ్చే లైసెన్సు ఉండాలి. ఆ రోజు నుంచి తుపాకీ ఉంచుకునే అర్హత ఉన్నవారికి ఆ కాగితం అక్కర్లేకుండా పోయింది. ఈ వార్త డాలస్, హ్యూస్టన్, ఆస్టిన్‌లలోని తెలుగు కుటుంబాల మధ్య కుదించుకుపోయి ఒకే మాటగా తిరిగింది: ఇక్కడ ఎవరైనా, ఎక్కడికైనా తుపాకీ తీసుకెళ్లొచ్చట. ఆ మాటలో రెండు పెద్ద తప్పులున్నాయి. నమ్మినవారిని జైలుకో, దేశం దాటించే విమానం దాకానో తీసుకెళ్లగల తప్పులవి.

అమెరికాలో తుపాకీ చట్టం ఒక్కటి కాదు. కేంద్రానిది ఒకటి, రాష్ట్రానిది ఒకటి, కొన్నిచోట్ల నగరానిది ఇంకొకటి. వాటిమీద భవన యజమాని మాట. మనిషి అదే, తుపాకీ అదే అయినా, అడుగుపెట్టిన నేలను బట్టి చట్టం మారిపోతుంది. లైసెన్సు లేకుండా తుపాకీ వెంట ఉంచుకునే వీలున్న రాష్ట్రాలు 2024 నాటికి 29 అయ్యాయి. వెర్మాంట్‌లో మొదటినుంచీ లైసెన్సు లేదు. అలాస్కా 2003లో, అరిజోనా 2010లో, ఫ్లోరిడా 2023లో ఆ దారి పట్టాయి. ఆ సంఖ్య చూసి సగానికి పైగా దేశం గేట్లు ఎత్తేసిందనుకోవడం సహజమే. గేట్లు ఎక్కడెక్కడ మూసి ఉన్నాయో తెలిస్తేనే అసలు సంగతి అర్థమవుతుంది.

అపోహ: రాష్ట్రం లైసెన్సు తీసేసింది కాబట్టి హెచ్1బీ మీద ఉన్నవాళ్లకూ అడ్డు లేదు

తెలుగువారికి అన్నిటికన్నా ప్రమాదకరమైన అపోహ ఇదే. వలసేతర వీసాపై అమెరికాలో ఉన్నవారు తుపాకీ గానీ తూటాలు గానీ కొనడం, ఉంచుకోవడం కేంద్ర చట్టం ప్రకారం నేరం. హెచ్1బీ, హెచ్4, ఎల్1, ఎఫ్1... అన్నీ వలసేతర వీసాలే. వీసా గడువు తీరిపోయి ఉండిపోయినవారికీ నిషేధం ఉంది. 2022లో వచ్చిన చట్ట సవరణతో ఈ నేరానికి గరిష్ఠ శిక్ష 10 ఏళ్ల నుంచి 15 ఏళ్లకు పెరిగింది. శిక్షతో పోయేది కూడా కాదు. తుపాకీ నేరం రుజువైతే దేశం నుంచి పంపించివేయడానికి వలస చట్టంలో అదే ఒక కారణం.

గ్రీన్‌కార్డు చేతికి వచ్చాక ఈ నిషేధం తొలగిపోతుంది. చేతికి వచ్చాకే. భారతీయులు ఏళ్లకేళ్లు, కొందరు దశాబ్దం పైగా ఆ వరుసలో నిలబడి ఉన్నారు. ‘గ్రీన్‌కార్డు కోసం కంపెనీ వేసిన ఐ-140 అప్రూవ్ అయింది కదా, ఇక మనం ఇక్కడివాళ్లమే’ అన్న ధీమా ఇంటికి పనికొస్తుంది, పిల్లల చదువుకు పనికొస్తుంది, తుపాకీకి మాత్రం పనికిరాదు. దరఖాస్తు ఏ దశలో ఉన్నా, గ్రీన్‌కార్డు రానంత వరకు హెచ్1బీ ఉద్యోగి హెచ్1బీ ఉద్యోగే.

మినహాయింపులు కొన్ని ఉన్నాయి. వాటిలో ఎక్కువగా వినిపించేది వేట లైసెన్సు. ఏదైనా రాష్ట్రం ఇచ్చిన, గడువు తీరని వేట లైసెన్సు ఉంటే కేంద్ర నిషేధం ఆ వ్యక్తికి వర్తించదు. ఇది నిజమే. కానీ ఆ లైసెన్సు కేంద్ర నిషేధం నుంచి బయటపడేస్తుందే తప్ప, పిస్టల్ జేబులో పెట్టుకుని సూపర్ మార్కెట్‌కు వెళ్లే అనుమతి కాదు. మోయడానికి రాష్ట్రం పెట్టిన షరతులు వేరే ఉంటాయి. షూటింగ్ రేంజ్‌లో సరదాగా గంటసేపు తుపాకీ అద్దెకు తీసుకోవడం కూడా చట్టం ప్రకారం తుపాకీ ఉంచుకోవడం కిందికే వస్తుంది. మినహాయింపు లేనివారికి అదీ తప్పే.

ఇంట్లో ఒకరు పౌరులై, ఇంకొకరు వీసాపై ఉంటే? భార్య పేరున కొన్న పిస్టల్ పడకగది సొరుగులో తాళం లేకుండా ఉంటే, హెచ్1బీ భర్త చేతికి అందుబాటులో ఉన్నట్టే. చేత్తో పట్టుకుంటేనే నేరం అనుకోకూడదు. తెలిసి, అందుబాటులో, అదుపులో ఉంటే చాలని అక్కడి కోర్టులు చెబుతాయి. అలాంటి ఇంట్లో తుపాకీ పెట్టె తాళంచెవి, నంబరు పౌరసత్వం ఉన్నవారి దగ్గరే ఉండాలి.

అపోహ: లైసెన్సు అక్కర్లేదంటే ఎక్కడికైనా వెళ్లొచ్చు

టెక్సస్‌లోనే చూద్దాం. బడులు, కోర్టులు, ఓటు వేసే చోట్లు, విమానాశ్రయాల భద్రతా ప్రాంతాలు, జైళ్లు, గుర్రప్పందేల మైదానాలు, క్రీడా పోటీలు జరిగే చోట్లు తుపాకీకి నిషిద్ధం. ఆదాయంలో 51 శాతం లేదా ఎక్కువ మద్యం అమ్మకంతోనే వచ్చే బార్ల తలుపుమీద ఎర్రటి అక్షరాల్లో ‘51%’ అని ఉంటుంది. అది కనిపిస్తే లైసెన్సు ఉన్నవారూ వెనక్కి తిరగాల్సిందే. మరణశిక్ష అమలు చేసే రోజున ఆ స్థలానికి 1000 అడుగుల లోపు కూడా తుపాకీ తేకూడదన్న నిబంధన ఉంది. టెక్సస్‌లో ఆ స్థలం హంట్స్‌విల్ జైలు.

బడి విషయంలో మాత్రం కొంచెం ఆగాలి. తెలియకుండానే కాలు జారే చోటు అది. 1990లో కేంద్రం బడుల చుట్టూ తుపాకీ రహిత ప్రాంతాల చట్టం చేసింది. 1995లో లోపెజ్ కేసులో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. మరుసటి ఏడాదే కాంగ్రెస్ దాన్ని సవరించి మళ్లీ తెచ్చింది. దాని ప్రకారం బడి ఆవరణకు 1000 అడుగుల లోపు, అంటే సుమారు 300 మీటర్లలోపు, వీధుల్లో తుపాకీ వెంట ఉంటే అయిదేళ్ల దాకా జైలు. ప్రైవేటు స్థలాలకు మినహాయింపు ఉంది. తూటాలు తీసేసి తాళం వేసిన పెట్టెలో ఉంటే పరవాలేదు. ఆ బడి ఉన్న రాష్ట్రమే ఇచ్చిన లైసెన్సు ఉన్నా పరవాలేదు. మరి ఏ లైసెన్సూ లేకుండా మోసేవారి సంగతి? రాష్ట్రం అక్కర్లేదన్న కాగితాన్నే కేంద్రం అడుగుతోంది. నగరంలో తిరుగుతుంటే 300 మీటర్ల లోపు ఏదో ఒక బడి తరచూ తగులుతూనే ఉంటుంది. 2021 తర్వాత కూడా టెక్సస్‌లో ఎంతోమంది లైసెన్సు తీసుకుంటూ ఉండటానికి ఇదొక కారణం.

ఇంకో కారణం విశ్వవిద్యాలయాలు. టెక్సస్ ప్రభుత్వ విశ్వవిద్యాలయాల్లో దుస్తుల చాటున తుపాకీ ఉంచుకునే వీలు 2016 ఆగస్టు 1న మొదలైంది. ఆస్టిన్‌లో విశ్వవిద్యాలయం టవర్ ఎక్కి ఒక మాజీ సైనికుడు కాల్పులు జరిపి సరిగ్గా 50 ఏళ్లు నిండిన రోజది. ఈ వీలు లైసెన్సు ఉన్నవారికే, అదీ పైకి కనపడకుండా ఉంచుకుంటేనే. ఎఫ్1 వీసాపై అక్కడ ఎమ్మెస్ చదివే తెలుగు విద్యార్థికి దీనితో సంబంధం లేదు. తరగతిలో పక్క కుర్చీలో కూర్చున్నవారి దగ్గర చట్టబద్ధంగా తుపాకీ ఉండొచ్చని మాత్రం అతనికి తెలిసి ఉండాలి.

గుళ్ల సంగతి చాలామంది అడుగుతారు. 2019 నుంచి టెక్సస్ చట్టం చర్చి, మసీదు, గుడి అనే తేడా లేకుండా ప్రార్థనాలయాలను నిషిద్ధ స్థలాల్లోంచి తప్పించింది. అయితే ఆలయ కమిటీ వద్దనుకుంటే వద్దనే అధికారం దానికి ఉంది. ఆ వద్దనడానికి ఒక పద్ధతి ఉంది. తుపాకీ బొమ్మ మీద ఎర్రగీత కొట్టి తలుపుకు అంటిస్తే లైసెన్సు ఉన్నవాడికి అది నోటీసు కిందికి రాదు. శిక్షాస్మృతి సెక్షన్ 30.06లో ఉన్న వాక్యాలు యథాతథంగా, ఇంగ్లిష్‌లోనూ స్పానిష్‌లోనూ, కనీసం అంగుళం ఎత్తు అక్షరాలతో, నేపథ్యం మీద కొట్టొచ్చినట్టు కనిపించే రంగులో ఉండాలి. పైకి కనిపించేలా మోసేవారికి 30.07, లైసెన్సు లేకుండా మోసేవారికి 30.05 వేరే బోర్డులు. నోటితో స్పష్టంగా చెప్పినా చెల్లుతుంది. వేలమంది పిల్లాపాపలతో వచ్చే బ్రహ్మోత్సవాలకూ దసరాకూ ముందు ఆలయ కమిటీలు ఈ మూడు బోర్డులనూ ఒకసారి సరిచూసుకోవడం మంచిది.

ఆఫీసుల్లోనూ అంతే. కంపెనీ తన భవనంలోకి తుపాకీ రానివ్వకపోవచ్చు. కానీ పార్కింగులో తాళం వేసిన సొంత కారులో చట్టబద్ధంగా ఉంచుకున్న తుపాకీని వద్దనే వీలు మాత్రం టెక్సస్‌లో చాలా కంపెనీలకు 2011 చట్టంతో పోయింది.

అపోహ: డ్రైవింగ్ లైసెన్సులాగా ఇదీ అన్ని రాష్ట్రాల్లో చెల్లుతుంది

చెల్లదు. న్యూయార్క్, న్యూజెర్సీ, కాలిఫోర్నియా ఇతర రాష్ట్రాల తుపాకీ లైసెన్సులను గుర్తించవు. అన్ని రాష్ట్రాలూ పరస్పరం గుర్తించాలన్న బిల్లు 2017 డిసెంబరులో ప్రతినిధుల సభ దాటింది గానీ సెనేట్‌లో ఆగిపోయింది.

ఫిలడెల్ఫియాకు చెందిన ఒక యువతి, ఇద్దరు పిల్లల తల్లి, 2013లో వంతెన దాటి న్యూజెర్సీలోకి వెళ్లింది. పోలీసు కారు ఆపినప్పుడు తన దగ్గర పిస్టల్ ఉందనీ, పెన్సిల్వేనియా లైసెన్సు ఉందనీ తానే చెప్పింది. అరెస్టయింది. నెలకు పైగా జైల్లో ఉంది. మూడేళ్లకు తగ్గని శిక్ష పడే కేసు నెత్తిన పడింది. దేశమంతా గగ్గోలు రేగాక ఆమెను విచారణకు బదులు ప్రత్యామ్నాయ కార్యక్రమంలోకి మార్చారు. 2015లో గవర్నర్ క్రిస్ క్రిస్టీ క్షమాభిక్ష ఇచ్చారు. అందరికీ అంత పెద్ద మద్దతు దొరకదు. ఎడిసన్ నుంచి ఫిలడెల్ఫియాకు పెళ్లిళ్లకూ పేరంటాలకూ వారం వారం తిరిగే తెలుగు కుటుంబాలు దాటే సరిహద్దు అదే.

ఒక రాష్ట్రం మీదుగా ప్రయాణించి వెళ్లేవారిని కాపాడటానికి 1986లో కేంద్రం ఒక చట్టం చేసింది. బయలుదేరే చోటా, చేరే చోటా తుపాకీ చట్టబద్ధమై, మధ్యలో తూటాలు లేకుండా, చేతికి అందకుండా ఉంటే అభయం. ఆ అభయం ఎంత సన్ననిదో 2005లో ఉటా నుంచి బయలుదేరిన ఒక ప్రయాణికుడికి తెలిసింది. అతను పెన్సిల్వేనియా వెళ్తూ నెవార్క్‌లో విమానం అందుకోలేకపోయాడు. సామాను చేతికిచ్చారు, రాత్రి హోటల్లో గడిపాడు. మర్నాడు కౌంటర్‌లో నిబంధన ప్రకారం తుపాకీ ఉందని చెప్పగానే అరెస్టు చేశారు. హోటల్లో ఉన్న రాత్రంతా తుపాకీ అతని చేతికి అందుబాటులో ఉంది కాబట్టి ఆ చట్టం కాపాడదని అప్పీలు కోర్టు 2010లో తేల్చింది. విమానం తప్పిపోవడం అతని తప్పు కాకపోయినా ఫలితం మారలేదు. ఇది కఠినమైన తీర్పే. అయినా నేటికీ పాఠంగా చెప్పుకోవాల్సిన తీర్పు.

అపోహ: 2022లో సుప్రీంకోర్టు ఆంక్షలన్నీ ఎత్తేసింది

2022 జూన్ 23న బ్రూయెన్ కేసులో 6-3 మెజారిటీతో సుప్రీంకోర్టు చెప్పింది వేరు. ఆత్మరక్షణకు ‘ప్రత్యేక కారణం’ చూపిస్తేనే లైసెన్సు ఇస్తామన్న న్యూయార్క్ పాత నిబంధన చెల్లదంది. ఇంటి బయట కూడా తుపాకీ ఉంచుకునే హక్కు ఉందంది. లైసెన్సు అనే పద్ధతినే కొట్టేయలేదు. శాసనసభలు, పోలింగ్ కేంద్రాలు, కోర్టుల వంటి సున్నిత ప్రదేశాల్లో నిషేధం ఉండొచ్చనీ అంది. అదే సమయంలో మన్‌హాటన్ దీవి మొత్తాన్నీ సున్నిత ప్రదేశం అనడానికి వీల్లేదని జస్టిస్ క్లారెన్స్ థామస్ రాశారు.

న్యూయార్క్ ఊరుకోలేదు. ఆ సెప్టెంబరు 1 నుంచే కొత్త చట్టం తెచ్చి 16 గంటల తరగతి, 2 గంటల కాల్పుల శిక్షణ తప్పనిసరి చేసింది. టైమ్స్ స్క్వేర్, సబ్‌వే, బస్సులు, పార్కులు, సినిమా హాళ్లు, మద్యం పోసే హోటళ్లు నిషిద్ధ జాబితాలో చేర్చింది. అప్పీలు కోర్టు వాటిలో చాలావాటిని నిలబెట్టింది. యజమాని రమ్మని చెబితే తప్ప ఏ దుకాణంలోకీ తుపాకీ తేకూడదన్న భాగాన్ని మాత్రం అడ్డుకుంది. ఇలాంటి నిబంధనే హవాయి నుంచి సుప్రీంకోర్టు దాకా వెళ్లింది.

జాతీయ పార్కుల్లో తుపాకీ పూర్తిగా నిషిద్ధమన్నది పాతబడిన నమ్మకం. 2010 ఫిబ్రవరి నుంచి ఆ పార్కు ఉన్న రాష్ట్ర చట్టమే అక్కడా వర్తిస్తుంది. పార్కులోని సందర్శకుల కేంద్రం వంటి కేంద్ర భవనాల్లోకి మాత్రం తేకూడదు. పోస్టాఫీసుల్లోనూ, వాటి పార్కింగు స్థలాల్లోనూ కేంద్ర నిషేధం ఉంది. దానిమీద కోర్టుల్లో సవాళ్లు నడిచాయి. న్యూజెర్సీ నుంచి నయాగరా చూడబోయి వంతెన దాటి కెనడా వైపు వెళ్లేవారికి అమెరికా లైసెన్సు ఏదీ అక్కరకు రాదు. కెనడా 2022 అక్టోబరులో చేతి తుపాకుల అమ్మకాన్నీ దిగుమతినీ స్తంభింపజేసింది.

ఇక విమానాశ్రయం. 2023లో అమెరికా విమానాశ్రయాల తనిఖీల్లో 6,737 తుపాకులు పట్టుబడ్డాయి. వాటిలో 93 శాతం తూటాలు నింపి ఉన్నవే. ఒక్క అట్లాంటాలోనే 451. ‘బ్యాగులో ఉందన్న సంగతే మర్చిపోయాను’ అన్నది అక్కడ ఎక్కువగా వినిపించే జవాబు. మర్చిపోయినా జరిమానా తప్పదు, అది వేల డాలర్ల దాకా వెళ్లొచ్చు. తుపాకీతో విమానం ఎక్కే చట్టబద్ధమైన దారి ఒక్కటే: తూటాలు తీసి, గట్టి పెట్టెలో తాళం వేసి, కౌంటర్‌లో చెప్పి, చెక్-ఇన్ సామానుతో పంపాలి.

ఇండియాకు వచ్చేటప్పుడు తూటా కూడా తుపాకీ అంత ప్రమాదమే. షూటింగ్ రేంజ్‌కు వాడిన బ్యాగునే సర్దుకుని వస్తే, అడుగున మిగిలిన ఒక్క తూటా తిరుగు ప్రయాణంలో శంషాబాద్ ఎక్స్‌రేలో కనబడవచ్చు. ఆయుధ చట్టం, 1959 ప్రకారం లైసెన్సు లేని తూటా ఒక్కటి ఉన్నా కేసు పెట్టవచ్చు. ఆయుధం తన దగ్గర ఉందని నిందితుడికి తెలుసా లేదా అన్నదే అలాంటి కేసుల్లో కీలకమని భారత సుప్రీంకోర్టు 1972లోనే చెప్పింది. తెలియదని నమ్మిన సందర్భాల్లో హైకోర్టులు ఎఫ్‌ఐఆర్‌లను కొట్టేశాయి. అయితే ఆ ఉత్తర్వు వచ్చేదాకా కోర్టుల చుట్టూ తిరగాలి, ఆ రోజు ఎక్కాల్సిన విమానం ఎలాగూ వెళ్లిపోతుంది.