మాజింగర్, గన్‌డమ్, గెట్టర్: ఒకే దండులో జపాన్ రోబోలు

సూపర్ రోబో వార్స్ జపాన్‌లో 1991 నుంచి వస్తున్న వ్యూహ ఆటల వరుస. వేర్వేరు కాలాల్లో, వేర్వేరు కార్టూన్ ధారావాహికల్లో పుట్టిన రాకాసి రోబోలు ఇందులో ఒకే సైన్యంగా చేరి, ఉమ్మడి శత్రువు మీద యుద్ధం చేస్తాయి. మొదటి ఆటను బాన్‌ప్రెస్టో సంస్థ 1991 ఏప్రిల్‌లో నిన్‌టెండో గేమ్‌బాయ్ కోసం తెచ్చింది. అందులో పైలట్లు లేరు, రోబోలే ప్రాణమున్న పాత్రలు. అదే ఏడాది డిసెంబరులో వచ్చిన రెండో ఆటలో పైలట్లు, వాళ్ల మధ్య మాటలు, ఒక నడిచే కథ చేరాయి. నేటికీ ఈ వరుస ఆ అచ్చులోనే సాగుతోంది.

లోపల మనిషి కూర్చుని నడిపే భారీ యంత్రాన్ని మెకా అంటారు. 1950లలో మిత్సుతెరు యొకొయామా గీసిన తెత్సుజిన్ 28లో రోబోను బయటి నుంచి మీటలతో ఆడించేవారు. 1972లో గో నగాయ్ సృష్టించిన మాజింగర్ జడ్‌తో ఆ పద్ధతి మారింది. కోజి కబుతో అనే కుర్రాడు చిన్న విమానంలో వచ్చి రోబో తలలో దిగుతాడు, అక్కణ్నుంచి ఆ ఉక్కు శరీరమంతా అతని చెప్పుచేతల్లో ఉంటుంది. 1974లో వచ్చిన గెట్టర్ రోబోలో మూడు విమానాలు కలిసి ఒక రోబో అవుతాయి. అవి కలిసే వరుసను బట్టి ఆకాశంలో ఎగిరేది, నేలను తొలిచేది, నీటిలో పోరాడేది అని మూడు రూపాలు. ఇలా ఒక్క వీరుడికీ ఒక్క యంత్రానికీ అపార శక్తి కట్టబెట్టే కథలకు సూపర్ రోబో అనే పేరు స్థిరపడింది.

1979లో యొషియుకి తొమినో దర్శకత్వంలో వచ్చిన మొబైల్ సూట్ గన్‌డమ్ దీనికి ఎదురు దారి పట్టింది. అక్కడ రోబో అంటే కర్మాగారంలో తయారయ్యే యుద్ధ సామగ్రి. దానికి ఇంధనం అయిపోతుంది, తూటాలు అయిపోతాయి, లోపలున్న పదిహేనేళ్ల పిల్లవాడు భయంతో వణుకుతాడు. మొదటి ప్రసారంలో ఆదరణ లేక ఆ ధారావాహికను 43 భాగాలకే కుదించారు. పునఃప్రసారాలూ ప్లాస్టిక్ బొమ్మలూ దాన్ని తరువాత నిలబెట్టాయి. ఈ తరహా కథలు రియల్ రోబో అనిపించుకున్నాయి. సూపర్ రోబో వార్స్ ఆటంతా ఈ రెండు వంశాలనూ ఒకే లెక్కలోకి తెచ్చే ప్రయత్నమే.

లెక్క కుదరడం అంత తేలిక కాదు. ఓటమ్స్ కథలోని స్కోప్‌డాగ్ యంత్రం ఎత్తు నాలుగు మీటర్ల లోపే. మాజింగర్ జడ్ 18 మీటర్లు. గన్‌బస్టర్ దాదాపు రెండు వందల మీటర్లు ఉంటుంది. ఈ ఆటల్లో రోబోలను పెద్ద తల, పొట్టి కాళ్లతో ముద్దుగా గీయడం వల్ల తెర మీద అందరూ ఇంచుమించు సమానంగా కనిపిస్తారు, అసలు పరిమాణం తేడా అంకెల్లోకి మారుతుంది. పెద్ద రోబోకు ప్రాణబలమూ కవచమూ ఎక్కువ, దెబ్బ గట్టిది, కానీ శత్రువు గురి దాని మీద సులువుగా కుదురుతుంది. చిన్న రోబోకు కవచం పలుచన, తప్పించుకునే చురుకు ఎక్కువ. మాజింగర్ నిలబడి దెబ్బ కాస్తుంది, గన్‌డమ్ తప్పుకుని తిప్పికొడుతుంది. టీవీలో ఈ రెంటికీ ఉన్న స్వభావ భేదం ఇక్కడ ఆటగాడి చేతిలో వ్యూహంగా మారుతుంది. ముప్పై ఏళ్లకు పైగా ఈ వరుస నిలిచిందంటే ఈ తూకమే మొదటి కారణం.

యుద్ధరంగం గడులు గీసిన పటం. ముందు ఆటగాడి వంతు, తరువాత శత్రువు వంతు. ఆటగాడు తన యూనిట్లను ఒక్కొక్కటిగా కదిపి దాడి చేయిస్తాడు. శత్రువు మీదకి వచ్చినప్పుడు తిప్పికొట్టాలా, కాచుకుని దెబ్బను సగానికి తగ్గించుకోవాలా, తప్పించుకోవాలా అన్నది అప్పటికప్పుడు ఎంచుకోవచ్చు. ప్రతి పైలట్‌కూ ఊపు కొలిచే అంకె ఒకటి ఉంటుంది. ఇంగ్లిష్ ఆటల్లో దాన్ని విల్ అనో మొరేల్ అనో రాస్తారు. అది 100 దగ్గర మొదలై, శత్రువులు కూలుతున్న కొద్దీ పెరుగుతూ మామూలుగా 150 దాకా వెళ్తుంది. రోబోల అతి పెద్ద ఆయుధాలు ఊపు ఒక స్థాయికి చేరితేనే పనిచేస్తాయి. టీవీ కథలో వీరుడు తన ఆఖరి అస్త్రాన్ని చివరి నిమిషాల్లోనే ఎందుకు తీస్తాడన్న పాత ప్రశ్నకు ఆట ఇంత చక్కటి జవాబు చెప్పడం మెచ్చుకోదగ్గది.

దీనికి తోడు స్పిరిట్ కమాండ్లు ఉంటాయి. వాలర్ వాడితే తరువాతి దెబ్బ రెట్టింపు అవుతుంది, స్ట్రైక్ వాడితే గురి తప్పదు, అలర్ట్ వాడితే మీదకొచ్చే ఒక దాడి తగలకుండా పోతుంది. పైలట్‌కు ఉన్న పరిమిత శక్తిలోంచి వీటి ఖర్చు తీయాలి. గెట్టర్ రోబోలో ముగ్గురు పైలట్లు కనుక ముగ్గురి శక్తీ కలిసొస్తుంది. ఒక్క మనిషి నడిపే గన్‌డమ్‌కు ఆ వెసులుబాటు లేదు.

వీటన్నిటి లోతూ శత్రు నాయకుడితో తలపడేటప్పుడు తెలుస్తుంది. ఈ ఆటల్లో నాయకులు చాలామంది ప్రాణబలం కొంత తగ్గగానే పారిపోతారు. ఒకడికి 40,000 ఉండి, 12,000 దగ్గర వెనుదిరుగుతాడనుకుందాం. మామూలుగా కొట్టుకుంటూ పోతే వాడు 11,000తో తప్పించుకుంటాడు, వాడి దగ్గరున్న అరుదైన పరికరమూ డబ్బూ వాడితోనే పోతాయి. కనుక చిన్న యూనిట్లతో వాణ్ని 13,000 దాకా జాగ్రత్తగా దించి అక్కడ ఆపాలి. ఆ వంతులోనే ఊపు ఎక్కిన మాజింగర్‌ను పక్కన నిలబెట్టి, స్ట్రైక్, వాలర్ రెండూ వేసి, 13,000కు మించిన దెబ్బ ఒక్కటే కొట్టాలి. దీని కోసం మూడు నాలుగు వంతుల ముందు నుంచే ఎవరి శక్తి ఎంత మిగలాలో లెక్క వేసుకోవాల్సి ఉంటుంది. ఆట బయటికి బాణసంచాలా కనిపించినా లోపల నడిచేది ఈ కూడికలూ తీసివేతలే.

అంకెలు సగమైతే మాటలు సగం. ప్రతి ఘట్టానికీ ముందూ వెనుకా పాత్రలు చాలాసేపు మాట్లాడుకుంటాయి. ఒక లోకంలోని శాస్త్రవేత్త ఇంకో లోకంలోని రోబోను మరమ్మతు చేస్తాడు, యుద్ధంలో ఆరితేరిన గన్‌డమ్ పైలట్ ఇంకో కథలోని తొందరపాటు కుర్రాడికి బుద్ధి చెబుతాడు. తెలుగు సినిమాలో మల్టీస్టారర్ వస్తే ఏ కథానాయకుడికి ఎన్ని సన్నివేశాలు దక్కాయని అభిమానులు లెక్కపెట్టినట్టే, ఇక్కడా తమ రోబోకు కథలో న్యాయం జరిగిందా లేదా అని అభిమానులు తూకం వేస్తారు.

మూల కథలో చనిపోయినవాళ్లను బతికించే అవకాశం ఈ ఆటలకు ప్రత్యేకం. జీటా గన్‌డమ్ ధారావాహికలో ఫోర్ మురసామె అనే అమ్మాయి శత్రుపక్షపు రోబోను నడుపుతూ, తనను ప్రేమించిన కమీల్ కళ్లెదుటే ప్రాణం విడుస్తుంది. పలు సూపర్ రోబో వార్స్ ఆటల్లో కమీల్ యూనిట్‌ను సరైన ఘట్టంలో ఆమె దగ్గరికి నడిపించి మాట్లాడిస్తే ఆమె బతికి మన దండులో చేరుతుంది. ఆ షరతు తప్పితే ఆమె దక్కదు. ఆ ధారావాహిక చూసి బాధపడ్డవారికి ఆ ఒక్క గడి కదలిక విలువ మాటల్లో చెప్పలేనిది. అయితే ఎవరితో ఎప్పుడు మాట్లాడించాలన్న సూచన ఆ సంభాషణల్లోనే దాగి ఉంటుంది. జపనీస్ రానివాళ్లు పోరాటాలను గుర్తులూ అంకెలూ చూసి ఎలాగో గెలిచేవారు, ఈ భాగం మాత్రం వాళ్లకు అందేది కాదు. అందుకే ఈ ఆటలు ఇంగ్లిష్‌లో రావడం అంత పెద్ద విషయమైంది.

ఇంగ్లిష్‌లోకి అవి ఆలస్యంగా రావడానికి అనువాదం కష్టం కావడం అసలు కారణం కాదు. చిక్కంతా హక్కులది. ఒక్కో ఆటలో పదికి పైగా ధారావాహికలుంటాయి. ఒక్కోదానికీ ఒక యజమాని, పాటలకు వేరే యజమానులు. జపాన్‌లో వాళ్లందరితో ఒప్పందం కుదిరినా, విదేశాల్లో అదే ధారావాహిక హక్కు ఇంకొకరి చేతిలో ఉండేది. 1981 నాటి గోలయన్ అమెరికాలో 1984లో వోల్ట్రాన్‌గా మారింది. 1982 నాటి మాక్రాస్‌ను సంబంధం లేని మరో రెండు ధారావాహికలతో కలిపి, 1985లో రోబోటెక్ పేరుతో అక్కడ ప్రసారం చేశారు. ఆ తరువాత మాక్రాస్ విదేశీ హక్కుల మీద హార్మొనీ గోల్డ్ సంస్థకూ జపాన్ యజమానులకూ నడిచిన వివాదం 2021 ఏప్రిల్ దాకా తెగలేదు. ఇలాంటి ముడి ఒక్కటి ఉన్నా ఆట మొత్తం ఆగిపోతుంది, ఎందుకంటే కథలోంచి ఒక ధారావాహికను తీసేస్తే మిగతాది అతకదు.

ఈ ముడిని తప్పించుకునే దారి బాన్‌ప్రెస్టో సొంతింట్లోనే దొరికింది. రెండో ఆట నుంచే ఆ సంస్థ తన సొంత రోబోలను కథల్లో చేరుస్తూ వచ్చింది. మసాకి ఆండో నడిపే సైబస్టర్ అలా వచ్చిందే. కాలక్రమంలో ఆ సొంత పాత్రలు ఎంత పెరిగాయంటే, 2002లో కేవలం వాటితోనే ఒరిజినల్ జనరేషన్ అనే ఆట గేమ్‌బాయ్ అడ్వాన్స్ కోసం వచ్చింది. ఇందులో మాజింగర్ లేదు, గన్‌డమ్ లేదు, ఎవరి అనుమతీ అక్కర్లేదు. అట్లస్ సంస్థ దీన్నీ దీని రెండో భాగాన్నీ 2006లో అమెరికాలో ఇంగ్లిష్‌లో విడుదల చేసింది. పడమటి దేశాల ఆటగాళ్లు ఈ వరుసను అధికారికంగా చదివి ఆడింది అప్పుడే. ఈ రెండు ఆటల కథ ఎంతో బాగుంటుంది. కాకపోతే పాత రోబోలు కలుసుకునే ముచ్చట ఇందులో దొరకదు.

ఆ లోటును కొంతవరకు అభిమానులే పూడ్చారు. ఏయాన్ జెనెసిస్ అనే అభిమానుల బృందం సూపర్ ఫామికామ్ మీది మూడో ఆటకూ, ప్లేస్టేషన్ మీది ఆల్ఫా గైడెన్‌కూ ఇంగ్లిష్ అనువాదాలు చేసింది. పాత ఆటల ఫైళ్లను విప్పి, జపనీస్ అక్షరాల కోసం కట్టిన చిన్న పెట్టెల్లో పొడవాటి ఇంగ్లిష్ వాక్యాలను ఇరికించడం ఏళ్ల తరబడి పట్టే పని. జీతం లేకుండా ఆ పని చేసినవాళ్లకు ఈ ఆటల చరిత్రలో గౌరవమైన చోటు దక్కాలి.

మలుపు 2016లో వచ్చింది. ఒరిజినల్ జనరేషన్ వరుసలోని ద మూన్ డ్వెల్లర్స్‌ను ఆసియా మార్కెట్ కోసం ఇంగ్లిష్‌లో కూడా తెచ్చారు. 2017లో సూపర్ రోబో వార్స్ వి, 2018లో ఎక్స్, 2019లో టి అదే దారిలో వచ్చాయి. ఈ మూడూ మాజింగర్, గన్‌డమ్‌లతో నిండిన అసలు సిసలు ఉమ్మడి కథలే. విలో యమతో 2199 అంతరిక్ష నౌక, టిలో కౌబాయ్ బిబాప్ బృందం కూడా కనిపిస్తారు. అమెరికా, ఐరోపాల్లో వీటిని అధికారికంగా అమ్మలేదు. కానీ ప్లేస్టేషన్ 4 డిస్కులకు దేశాల వారీ తాళం లేదు కనుక, ఆసియా ప్రతిని తెప్పించుకుంటే ఎక్కడైనా ఆడొచ్చు. ఈ చిన్న సాంకేతిక వెసులుబాటే వేలమంది చేతికి ఆటను చేర్చింది. వరుసకు ముప్పై ఏళ్లు నిండిన 2021లో సూపర్ రోబో వార్స్ 30 వచ్చింది. స్టీమ్ ద్వారా అది జపాన్‌తో పాటే పడమటి దేశాల పీసీలకూ ఇంగ్లిష్‌లో చేరింది. 2025 ఆగస్టులో వచ్చిన వై, కన్సోళ్ల మీద కూడా ప్రపంచమంతటా ఒకేసారి విడుదలైంది. అందులో మాక్రాస్ డెల్టా ఉండడం పాత చిక్కులు ఎంతగా సడలాయో చూపిస్తుంది.

ఈ ఇంగ్లిష్ ప్రతుల్లో మారేది రాత మాత్రమే. గొంతులు జపనీస్‌లోనే ఉంటాయి, పోరాటంలో పైలట్ అరిచే మాటలు కింద ఇంగ్లిష్‌లో పడతాయి. మొదటి ప్రతుల్లో వాక్యాలు అక్కడక్కడ బిగుసుకుపోయి ఉన్నా, 30 నాటికి భాష సాఫీగా చదివించే స్థాయికి వచ్చింది. మూల ధారావాహికలు చూడనివారి కోసం ఆటలోనే పాత్రల, రోబోల పరిచయాలు చదువుకునే విభాగం ఉంటుంది.

కొత్తగా మొదలుపెట్టేవారికి 30 గానీ వై గానీ మంచి ద్వారం. సులువు స్థాయి ఉంది, తరువాత ఏ ఘట్టం ఆడాలో చాలావరకు ఆటగాడే ఎంచుకోవచ్చు. వ్యూహంలో పదును కోరేవారికి 2006 నాటి ఒరిజినల్ జనరేషన్ సరైనది. అందులో అదనపు షరతులను నెగ్గిన కొద్దీ ఆట కఠినమవుతుంది. మూన్ డ్వెల్లర్స్ మాత్రం పెద్ద కథకు మధ్య భాగం కనుక మొదటి ఆటగా పనికిరాదు. మొదటి ఆటలో చాలామంది డబ్బంతా అన్ని రోబోలకూ కొంచెం కొంచెం పంచేస్తారు. అలా కాకుండా ఇష్టమైన నలుగురైదుగురి ఆయుధాలనూ కవచాన్నీ ముందు గట్టిపరచి, మిగతావారిని మరమ్మతుకూ ఇంధనం అందించడానికీ వాడుకుంటే దారి సుగమమవుతుంది. ఆల్ఫా వరుసలోనూ, 2008లో మొదలైన జడ్ వరుసలోనూ ఎక్కువ ఆటలు అధికారికంగా ఇప్పటికీ జపనీస్‌లోనే ఉన్నాయి. వాటిని మళ్లీ విడుదల చేయాలంటే అన్నేసి ధారావాహికల యజమానులతో, పాటల హక్కుదారులతో ఒప్పందాలన్నీ కొత్తగా రాసుకోవాలి.