వరకట్న మరణం కేసు: ఆసుపత్రి మంచం నుండి కోర్టు దాకా



కాలిన గాయాలతో కొత్త కోడలిని క్యాజువాలిటీకి తెచ్చినప్పుడు వెంట వచ్చినవారు తరచుగా చెప్పే మాట ఒకటే: "స్టవ్ పేలింది సిస్టర్." కొన్నిసార్లు అది నిజమే. కొన్నిసార్లు కాదు. ఏది నిజమో తేల్చడం మా పని కాదు, కోర్టు పని. కాని కోర్టుకు కావలసిన ఆధారం చాలావరకు వార్డులోనే, మొదటి కొన్ని గంటల్లోనే దొరుకుతుంది. అందుకే ఈసారి ఈ సంగతి మీకు వివరిస్తున్నాము.

చట్టం ఏమంటుంది?

కట్నం ఇవ్వడం, తీసుకోవడం, అడగడం నేరమని 1961లోనే వరకట్న నిషేధ చట్టం వచ్చింది. అది ఏ మతంవారికైనా ఒకటే. "మేము కట్నం తీసుకోలేదండీ, లాంఛనాలే" అని మన సంఘ కుటుంబాల్లో కూడా అంటుంటారు. పేరు మార్చినంత మాత్రాన నేరం పోదు. ఇల్లు కట్టుకోవడానికి పుట్టింటి నుండి డబ్బు తెమ్మని వేధించడం కూడా కట్నం కిందికే వస్తుందని సుప్రీంకోర్టు 2022లో చెప్పింది.

కోర్టుకు వచ్చే నేరాలు ముఖ్యంగా రెండు.

మొదటిది క్రూరత్వం. భర్త గాని, అతని బంధువులు గాని భార్యను ఆత్మహత్యకు పురికొల్పేలా హింసించినా, డబ్బు కోసమో ఆస్తి కోసమో వేధించినా ఇది వర్తిస్తుంది. 3 ఏళ్ల వరకు జైలు, జరిమానా. 1983 నుండి దీన్ని 498-ఎ అని అందరూ ఎరుగుదురు.

రెండవది వరకట్న మరణం. శిక్ష 7 ఏళ్లకు తగ్గదు, యావజ్జీవం వరకు పడవచ్చు. 1986లో వచ్చిన ఈ సెక్షను 304-బి.

2024 జూలై 1 నుండి భారతీయ న్యాయ సంహిత అమలులోకి వచ్చింది. అందులో క్రూరత్వం 85, 86 సెక్షన్లలో, వరకట్న మరణం 80వ సెక్షనులో ఉన్నాయి. ఆ తేదీకి ముందు జరిగిన నేరాలకు పాత సెక్షన్లే వర్తిస్తాయి.

కోర్టు అడిగే నాలుగు ప్రశ్నలు

1. పెళ్లయిన 7 ఏళ్లలోపు ఆమె చనిపోయిందా?
2. కాలిన గాయాల వల్లనో, దెబ్బల వల్లనో, మామూలు కాని పరిస్థితుల్లోనో చనిపోయిందా?
3. భర్త గాని, అతని బంధువులు గాని ఆమెను వేధించారా?
4. ఆ వేధింపు కట్నం కోసమేనా? చావుకు కొద్దికాలం ముందు కూడా జరిగిందా?

"కొద్దికాలం ముందు" అంటే సరిగ్గా ఆ క్షణానికి ముందని కాదు. వేధింపుకూ చావుకూ మధ్య సంబంధం తెగకుండా ఉంటే చాలునని 2021లో సుప్రీంకోర్టు వివరించింది.

ఈ నాలుగూ రుజువైతే మరణానికి వారే కారకులని కోర్టు భావించి తీరాలి. కాదని నిరూపించుకునే భారం అప్పుడు నిందితుల మీద పడుతుంది. మామూలు కేసుల్లో ఇలా ఉండదు. ఆమె తానే ఉరి వేసుకున్నా, మందు తాగినా ఈ సెక్షను వర్తించవచ్చు. అయితే ముందు ఆ నాలుగూ ప్రాసిక్యూషన్ వారే రుజువు చేయాలి. అనుమానం మీద శిక్ష పడదు.

మరణ వాంగ్మూలం

ఇలాంటి కేసు రాగానే చికిత్స మొదలుపెట్టి, పోలీసులకు కబురు చేస్తాము. పరిస్థితి విషమంగా ఉంటే మేజిస్ట్రేటు గారు వచ్చి ఆమె మాట రాసుకుంటారు. ఆమె తెలివిలో ఉండి మాట్లాడుతున్నదా అన్నది డాక్టరు గారు చూసి ధ్రువీకరిస్తారు. మేజిస్ట్రేటు వచ్చే వ్యవధి లేకపోతే డాక్టరే రాసుకోవచ్చు. ఆ మాట నమ్మదగినదని కోర్టుకు తోస్తే, దాని మీదనే శిక్ష వేయవచ్చు.

ఇక్కడ మా తప్పు ఒకటి చెప్పాలి. కొన్నేళ్ల క్రితం ఇరవై రెండేళ్ల అమ్మాయి మా వార్డుకు వచ్చింది. అత్తగారు మంచం పక్కనే కూర్చుని నీళ్లు పడుతున్నది. ఎలా జరిగిందని అడిగితే "స్టవ్ పేలింది" అన్నది. మేము అదే రాసుకున్నాము. రాత్రి అత్తగారు భోజనానికి వెళ్లగానే, ఆ బిడ్డ మా సిస్టరు చేయి పట్టుకుని వేరే మాట చెప్పింది. మేజిస్ట్రేటు గారిని పిలిపించాము. మూడవ రోజు ఆమె చనిపోయింది.

కోర్టులో డిఫెన్సు లాయరు గారు అడిగారు: "రెండు మాటలు ఉన్నాయి, ఏది నమ్మాలి? మొదటిసారి చెప్పినప్పుడు పక్కన ఎవరున్నారు?" సిస్టరుకు గుర్తున్నది, కాని కేసు షీటులో లేదు. నిందితులు విడుదలయ్యారు. ఆ ఒక్క కారణం చేతనే అని మేము అనలేము. కాని ఆ రోజు నుండి బంధువులను బయటికి పంపిన తరువాతే అడుగుతున్నాము. సమయము, పక్కన ఎవరున్నారన్నది, నొప్పి ఇంజెక్షను ఎప్పుడు ఇచ్చామన్నది అన్నీ రాస్తున్నాము. మమ్మల్ని బయటికి పంపారేమిటని ఎవరూ కోపగించుకోవద్దు.

మరణం తరువాత

పెళ్లయిన 7 ఏళ్లలోపు స్త్రీ ఆత్మహత్య చేసుకున్నా, అనుమానాస్పదంగా చనిపోయినా మేజిస్ట్రేటు విచారణ జరగాలి, పోస్టుమార్టం చేయాలి. తరువాత పోలీసులు చార్జిషీటు వేస్తారు. వరకట్న మరణం కేసును సెషన్స్ కోర్టు విచారిస్తుంది. తల్లిదండ్రులు, ఇరుగుపొరుగువారు, డాక్టరు, మేజిస్ట్రేటు సాక్ష్యం చెబుతారు. ఏళ్లు గడుస్తాయి. ఈలోగా పెద్దమనుషులు రాజీ కుదర్చడం, తల్లిదండ్రులే మాట మార్చడం జరుగుతుంటుంది. అప్పుడు కేసు నీరుగారిపోతుంది.

బ్రతికి ఉండగానే చేయవలసినవి

* దెబ్బలకు వైద్యం చేయించుకున్నప్పుడు డాక్టరుతో ఒంటరిగా నిజం చెప్పండి. ఆ చీటీ దాచుకోండి.
* ఉత్తరాలు, ఫోను సందేశాలు, డబ్బు పంపిన బ్యాంకు రసీదులు పారవేయవద్దు.
* చర్చిలో ఇచ్చిన వివాహ సర్టిఫికెట్టు ఒక ప్రతి పుట్టింట ఉంచండి. 7 ఏళ్ల లెక్కకు అదే ఆధారం.
* అత్తవారింటి నుండి వచ్చేసిన స్త్రీ పుట్టింటి ఊరిలోనే కేసు పెట్టవచ్చునని సుప్రీంకోర్టు 2019లో తీర్పు చెప్పింది.
* క్రూరత్వం కేసులో వెంటనే అరెస్టు చేయలేదని నిరాశపడవద్దు. అవసరం చూసి మాత్రమే అరెస్టు చేయాలని 2014లో సుప్రీంకోర్టు చెప్పింది. అరెస్టు లేకపోయినా కేసు నడుస్తుంది.
* మహిళల సహాయానికి 181 నంబరుకు ఫోను చేయవచ్చు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థ స్త్రీలకు, ఆదాయం ఎంతైనా, ఉచితంగా లాయరును ఇస్తుంది.

చివరగా తల్లిదండ్రులకు ఒక మాట. బిడ్డ ఇంటికి వచ్చి కష్టం చెప్పినప్పుడు "సర్దుకుపో అమ్మా" అని ఆ సాయంత్రపు బస్సుకే తిరిగి పంపకండి. కూర్చోబెట్టి పూర్తిగా వినండి. ఆ అమ్మాయి తల్లి మా వరండాలో కూర్చుని చెప్పింది: అంతకు నెల ముందే కూతురు వచ్చిందట, తామే నచ్చజెప్పి పంపారట.